బావురుపిల్లి వేషం కట్టబోతున్న మేనకోడలికి

అమలాపురం

చిరంజీవి మేనకోడలికి మామయ్య ఆశీస్సులు.

నీ ఉత్తరం శ్రద్ధగా చదివాను. పులి, గూడబాతు, బావురుపిల్లి వేషాలలో ఒక్కదానివే వేదిక మీదికి వచ్చి, నేనెవరిని అన్న ప్రశ్నను మాటలు లేకుండా జనం ముందు పెట్టాలని ఉందన్నావు. ఆలోచన నాకు ఎంతో నచ్చింది. అయితే మూడింటిలో రెండింటిని ప్రస్తుతానికి పక్కన పెట్టు. దసరాకు డప్పు మోగి, పసుపు రంగు మీద నల్లచారలు కనబడగానే మన వీధుల్లో జనానికి పులివేషం అడుగులన్నీ ముందే గుర్తుకొస్తాయి. వాళ్లు ఆ వేషాన్ని చూస్తారు గాని నిన్ను చూడరు. గూడబాతును నీవు కొల్లేటిలో దూరం నుంచి చూశావు, అంతే.

బావురుపిల్లి సంగతి వేరు. కోరంగి మడ అడవుల పక్కన పెరిగినదానివి, దాని చోటు నీకు తెలుసు. పొట్టి కాళ్లు, బలమైన ఒళ్లు, బూడిదరంగు మీద నల్లమచ్చలు, పూర్తిగా లోపలికి ముడుచుకోని గోళ్లు. మిగతా పిల్లులు నీటికి వెనకాడే చోట ఇది రాత్రివేళ కాలువ గట్టున కదలకుండా కూర్చుని, నీటిని పంజాతో తట్టి చేపను పడుతుంది. ఊరి దగ్గర కనబడితే చిరుతపులి వచ్చిందని జనం కేకలు వేస్తారు. తాను కానిదానిగా చూసి లోకం భయపడుతుంటే తన పని తాను చేసుకుపోయే జంతువు కంటే నీ ప్రశ్నకు దగ్గరైనది మరొకటి నాకు తోచడం లేదు. ప్రదర్శనకు ఇదొక్కటే చాలు.

నడక కుదిరేదాకా వేషం కట్టకు. నందికేశ్వరుడు రాసిన నాట్యగ్రంథం అభినయదర్పణంలో పది గతులు, అంటే నడకలు, ఉన్నాయి. హంస, నెమలి, లేడి, ఏనుగు, గుర్రం, సింహం, పాము, కప్ప, ఆ తరువాత వీరగతి, అన్నిటికన్నా చివర మానవగతి. బావురుపిల్లికి అందులో చోటు లేదు గనుక దాని గతిని నీవే తయారు చేసుకోవాలి. నాలుగు కాళ్ల మీద పాకవద్దు, మన కాళ్లు చేతులకన్నా పొడవు కాబట్టి నడుము పైకి లేస్తుంది, మణికట్లూ దెబ్బతింటాయి. మోకాళ్లు వంచి, మెడ ముందుకు దించి, పాదం కంటే ముందు భుజం కదిలేలా నడువు. రాత్రిపూట ఒక పళ్లెంలో నీళ్లు పెట్టుకుని, కుడి చెయ్యి నీటిని తాకబోయి ఆగిపోవడం సాధన చెయ్యి. ఆ ఆగడం నిజంగా కుదిరితే చూసేవాళ్లు ఊపిరి బిగబడతారు.

తలతొడుగుకు వెదురుబద్దల చట్రం మీద కాగితపు గుజ్జును చింతగింజల జిగురుతో పట్టించడం మంచిది, తేలికగా ఉంటుంది. చూపు కళ్ల రంధ్రాల్లోంచి కాక తెరిచిన నోటిలోంచి ఉండేలా చేస్తే గాలి కూడా ఆడుతుంది. మన డెల్టా ఉక్కలో ఇది చిన్న విషయం కాదు. ఒంటికి ఎనామిల్ రంగు ఎట్టిపరిస్థితుల్లోనూ పూయవద్దు. దాన్ని వదిలించడానికి కిరోసిన్ రుద్దుకుని చర్మం పాడుచేసుకున్నవాళ్లను చూశాను. బొచ్చుకు కొబ్బరిపీచు వాడితే దీపాలకూ టపాకాయలకూ దూరంగా ఉండు. అసలు జంతువు గోరు గాని తోలు గాని ఎవరిచ్చినా తీసుకోకు, 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అది నేరం.

తంజావూరు సీమలోని మేలట్టూరులో ఆడే భాగవతమేళం అనే నృత్యనాటకంలో నరసింహ పాత్ర వేసేవారు ఆ రోజు ఉపవాసముంటారు, ముఖానికి తొడిగే నరసింహుని తలకు పూజ జరుగుతుంది, పాత్ర ఆవేశం మించినప్పుడు పట్టుకోవడానికి పక్కన మనుషులుంటారు. అంతర్వేది నరసింహస్వామిని కొలిచే మనకు ఆ జాగ్రత్త అర్థం కానిది కాదు. నీవూ తలతొడుగును ఫోటోల కోసం పెట్టుకోకు. వేదిక పక్కన నమ్మకమైన మనిషిని ఒకరిని నిలబెట్టుకో. నీవు రెండు చేతులూ పైకెత్తితే వెంటనే వచ్చి తలతొడుగు తీసెయ్యాలని ముందే చెప్పి ఉంచు.

చివర్లో తలతొడుగును జనం ఎదుటే తియ్యి. తీశాక మామూలుగా నడిచి వెళ్లిపోకుండా, నీ ముఖంతోనే ఆ పిల్లి నడకను కాసేపు కొనసాగించు. నీ ప్రశ్న అక్కడే జనానికి అందుతుంది కాబట్టి, సాధనలో ఎక్కువ సమయం ఆ ఘట్టానికే కేటాయించు.

చట్రం నేను కట్టిస్తాను. నుదుటి చుట్టుకొలతా, గడ్డం నుంచి నడినెత్తి దాకా కొలతా దారంతో తీసి, ముడులు వేసి ఆ దారాన్నే పంపు. మీ అమ్మను అడిగానని చెప్పు.

మీ మామయ్య