మానవ అక్రమ రవాణా చట్టాలు: ఇటుక బట్టీ దగ్గర నేను రాసిన పంచనామా

మానవ అక్రమ రవాణాను అరికట్టడానికి మన దేశంలో ఉన్న చట్టాలు సరిపోతాయా, ప్రభుత్వం నిజంగా ఏమైనా చేస్తోందా అని అడిగారు. ముప్పై ఏళ్లకు పైగా రెవెన్యూ శాఖలో పనిచేసి సీనియర్ అసిస్టెంటుగా పదవీ విరమణ చేసినవాడిగా నా జవాబు ఇది: చట్టాలు సరిపోతాయి, యాభై ఏళ్ల కిందటే సరిపోయాయి. కొరవడింది ఒక కాగితం మీద ఒక అధికారి పెట్టవలసిన సంతకం. ఆ సంతకం పడకుండా ఎలా జారిపోతుందో నేను దగ్గరుండి చూశాను. చూడడమే కాదు, ఆ జారిపోయిన కాగితాన్ని నా చేతి రాతతోనే రాశాను.

2018 జనవరిలో ఒక సాయంత్రం, ఒడిశాలోని బలంగీర్ జిల్లా నుంచి వచ్చిన కూలీలను మా మండలంలోని ఒక ఇటుక బట్టీలో కట్టిపడేశారని పైనుంచి సమాచారం అందింది. కూలీల బంధువొకరు అక్కడి అధికారులకు మొరపెట్టుకుంటే వారు మా జిల్లాకు రాశారట. ఒక పెద్ద అధికారి, కార్మిక శాఖ నుంచి ఒకరు, ఒక ఎస్సై, ఇద్దరు కానిస్టేబుళ్లు, వాంగ్మూలాలు రాసుకోవడానికి నేను కలిసి బయలుదేరాం. బట్టీకి గేటు లేదు, కంచె లేదు. యజమాని మాకు కుర్చీలు వేయించి, మజ్జిగ తెప్పించి, ‘తాళం ఎక్కడుంది సార్, పోయేవాళ్లను ఎవరాపారు?’ అని నవ్వాడు. మావాళ్లలో సగం మంది ఆ ఒక్క మాటతోనే సమాధానపడ్డారు.

తాళం మనిషికి వేయరు, లెక్కకు వేస్తారు. పశ్చిమ ఒడిశాలో నువాఖాయ్ పండుగ వెళ్లిన దగ్గర నుంచి దసరా లోపు, ఇళ్లలో చిల్లిగవ్వ లేని రోజుల్లో, సర్దారు, అంటే కూలీలను కుదిర్చే దళారి, వచ్చి మొగుడు, పెళ్లాం, ఒక పిల్ల కలిసిన జట్టుకు అడ్వాన్సు చేతిలో పెడతాడు. నేను వాంగ్మూలం రాసుకున్న జట్టుకు ముట్టింది 40,000 రూపాయలు. వెయ్యి ఇటుకలు కోస్తే 300 రూపాయలు ఆ బాకీలో తగ్గుతాయి, వారానికోసారి తిండికని ఇచ్చే డబ్బు మళ్లీ దానికే కలుస్తుంది, ఖాతా పుస్తకం మాత్రం యజమాని గుమాస్తా దగ్గరే ఉంటుంది. పాలమూరు కూలీలను గుంపు మేస్త్రీలు ఎక్కడెక్కడి ఆనకట్టల పనులకో తోలుకుపోయిన రోజులు తెలిసిన మనకు ఈ పద్ధతి కొత్తదేమీ కాదు. మనవాళ్లు మోసిన బరువు ఇప్పుడు వేరే భాషవాళ్ల నెత్తికి మారింది కనుక మనం మరిచిపోగలిగాం, అంతే.

ఆ జట్టు గుడిసె కాల్చని ఇటుకలను పేర్చి కట్టినది. నడుము వంచనిదే లోపలికి పోలేము. గోడ మీద బొగ్గుతో గీసిన నిలువు గీతలు వరుసగా కనిపించాయి. అవేమిటని నాకు వచ్చిన కొద్దిపాటి హిందీలో అడిగితే, పచ్చి ఇటుకలను తిరగేసే పని చేసే పిల్ల, పదకొండేళ్లకు మించవు, ‘ఒక గీత, వెయ్యి’ అని తెలుగులోనే చెప్పింది. బట్టీలో నేర్చుకున్న తెలుగు అది. నేను లెక్కపెడితే 41 గీతలు తేలాయి. గుమాస్తా పుస్తకంలో ఆ జట్టు పేరున 29,000 ఇటుకలే ఉన్నాయి. మిగతావి వానకు కరిగాయనీ, మూలలు విరిగాయనీ కొట్టేశామన్నాడు. ఆ ఏడు పంట కోతల తరువాత మా మండలంలో చెప్పుకోదగిన వాన పడలేదని తహసీల్దారు కార్యాలయంలో వర్షపాతం రిజిస్టరు రాసే నాకు తెలుసు. 12,000 ఇటుకలంటే వాళ్లకు 3,600 రూపాయలు.

ఈ సంగతంతా పంచనామాలో రాశాను. పెద్ద అధికారి చదివి, ‘ఏమండీ, గోడ మీద గీతలు కూడా సాక్ష్యమేనా? కొట్టేయండి’ అన్నారు. కొట్టేశాను. 1976 నాటి వెట్టి చాకిరీ రద్దు చట్టంలోని 15వ సెక్షన్ ప్రకారం, ఆ బాకీ వెట్టి బాకీ కాదని రుజువు చేసుకోవలసిన భారం అప్పు ఇచ్చినవాడిదే తప్ప కూలీది కాదని నేను తరువాత తీరిగ్గా చదువుకున్నాను. అంటే ఆ రాత్రి సాక్ష్యం వెతకవలసిన అవసరమే లేదు, యజమానినే చూపించమనవలసింది. ఆ సెక్షన్ ఆనాడు అక్కడున్న మా ఆరుగురిలో ఒక్కరికైనా తెలియదని ఖాయంగా చెప్పగలను.

వాంగ్మూలాలు తీసుకున్న తీరు ఇంకా ఘోరం. వాళ్లు మాట్లాడేది ఒడియా, మాకెవరికీ రాదు. తర్జుమా చేయడానికి నిలబడిన మనిషి ఆ గుమాస్తాయే. ‘ఇక్కడ పనిచేయడం మీకు ఇష్టమేనా?’ అన్నది ప్రశ్న. యజమాని పది గజాల దూరంలో కుర్చీలో కూర్చుని ఉండగా ఎవరు కాదంటారు? చివరకు కార్మిక శాఖ ఆయన సూచన మేరకు వ్యవహారాన్ని ‘సామరస్యంగా’ ముగించారు. యజమాని రైలు ఖర్చులు పెట్టుకుని, తలకు 500 రూపాయలు ఇచ్చి వాళ్లను స్వగ్రామాలకు పంపేటట్టు, వాళ్లు ‘స్వచ్ఛందంగా’ వెళ్తున్నట్టు నేను రాశాను, వాళ్లు వేలిముద్రలు వేశారు. మిగిలిన బాకీని యజమాని ‘ఉదారంగా మాఫీ చేసినట్టు’ కూడా రాయించారు. వెట్టి బాకీలన్నిటినీ 1975 అక్టోబరులో ఆర్డినెన్సుతోనే దేశమంతటా రద్దు చేసేశారు. రద్దయిన బాకీని ఒకాయన 2018లో మాఫీ చేస్తే మేము దానిని మెచ్చుకుంటూ ఫైలులో పెట్టాం.

నేను మొదట చెప్పిన కాగితం ఈ సందర్భంలోనే రావలసింది. విచారణ జరిపి వెట్టి ఉందని తేలిస్తే జిల్లా యంత్రాంగం విముక్తి పత్రం ఇవ్వాలి. ఆ పత్రం చేతిలో ఉంటేనే పునరావాస పథకం వర్తిస్తుంది. 2016 పథకం కింద వెంటనే ఇచ్చే సాయం 20,000 రూపాయలు, 2022లో దానిని 30,000 వరకు పెంచారు. పూర్తి సాయం పురుషులకు లక్ష, స్త్రీలకు, పిల్లలకు రెండు లక్షలు, మరీ దారుణమైన సందర్భాలలో మూడు లక్షల దాకా ఉంటుంది. అయితే తక్షణ సాయం పోను మిగిలిన సొమ్మును నిందితుడికి శిక్ష పడడానికి ముడిపెట్టారు. ఏళ్ల తరబడి సాగే కేసు తేలే దాకా కడుపు ఆగదు కదా. ‘సామరస్యంగా’ పంపించివేస్తే ఆ పత్రమూ లేదు, కేసూ లేదు, జిల్లాలో వెట్టి లేదని పైకి రాసే నివేదికలో మచ్చా లేదు. అధికారులకు ఇది నచ్చడానికి అసలు కారణం అదే అని నా గట్టి అభిప్రాయం.

వాళ్లను టిట్లాగఢ్ మీదుగా వెళ్లే రైలు ఎక్కించడానికి నేనూ స్టేషనుకు వెళ్లాను. వాళ్లను తెచ్చిన సర్దారు పక్క బోగీలోనే ఎక్కాడు. టిక్కెట్టు ఎవరు తీశారో నేను అడగలేదు.

ఇక చట్టాల సంగతి. రాజ్యాంగం 23వ అధికరణం మనుషుల క్రయవిక్రయాన్ని, వెట్టిని నిషేధించింది. కనీస వేతనం కంటే తక్కువకు పని చేయించుకోవడమూ బలవంతపు చాకిరీయే అని సుప్రీంకోర్టు 1982లో, ఢిల్లీ ఆసియా క్రీడల నిర్మాణ కూలీల కేసులో తేల్చింది. 1979లో వచ్చిన అంతర్రాష్ట్ర వలస కార్మికుల చట్టానికి నేపథ్యమే ఒడిశా ‘దాదన్’ కూలీలు, అంటే ఇలా అడ్వాన్సు ఇచ్చి బయటి రాష్ట్రాలకు తోలుకుపోయేవాళ్లు. తెచ్చే కాంట్రాక్టరుకు లైసెన్సు, కూలీ చేతికి ఫొటో ఉన్న పాసు పుస్తకం ఉండాలని అది చెప్పింది. నా సర్వీసు మొత్తంలో అటువంటి పాసు పుస్తకం ఒక్కటీ నా కంటపడలేదు. 2013లో, నిర్భయ ఘటన మీద వేసిన వర్మ కమిటీ నివేదిక తరువాత మారిన భారత శిక్షాస్మృతి 370వ సెక్షన్, 2024 జులై నుంచి దాని స్థానంలో అమలులో ఉన్న భారతీయ న్యాయ సంహితలో 143వ సెక్షన్ అయింది. ఒకరిని రవాణా చేస్తే ఏడేళ్లకు తగ్గకుండా, ఒకరికంటే ఎక్కువ మందినైతే పదేళ్ల నుంచి యావజ్జీవం దాకా శిక్ష. బాధితుల సమ్మతి ఉందా లేదా అన్నది అసలు చూడనక్కర్లేదని ఆ సెక్షనే చెబుతోంది. మేము తీసుకున్న ‘ఇష్టమేనా’ వాంగ్మూలాల విలువ ఎంతో దీనిని బట్టి మీరే తేల్చుకోండి. దీని పక్కన 1976 చట్టంలోని శిక్ష చూడండి: మూడేళ్ల వరకు జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా. ఆ జరిమానా ఇంతవరకు మారలేదు. అందుకే 143 పెట్టించుకోవాలి. కానీ రవాణా అంటే పోలీసులకు, జనానికి కూడా వ్యభిచార గృహాలే గుర్తుకు వస్తాయి. వ్యభిచార వ్యాపారాన్ని అరికట్టడానికి తెచ్చిన 1956 చట్టం పుణ్యమా అని దాడులూ అక్కడే, ఫొటోలూ అక్కడే. ఇటుక బట్టీ మీదికి 143వ సెక్షన్ రానే రాదు.

ఇంకొక విడ్డూరం చెప్పకుండా ఉండలేను. మేము ఆ బట్టీ కూలీలను, మొత్తం ముప్పై ఎనిమిది మందిని, రైలెక్కించిన ఏడాదిలోనే, వేసవిలో, పిల్లలను ఎత్తుకుపోయే ముఠాలు దిగాయని వాట్సాప్‌లో వదంతులు లేచి, పాపం పుణ్యం తెలియని కొత్త మనుషులను మన ఊళ్లలో కొట్టి చంపారు. నిజమైన రవాణా అడ్వాన్సు రూపంలో, టిక్కెట్టు తీసి, పట్టపగలు రైల్లో వచ్చింది. దాని జోలికి ఎవరూ పోలేదు. మానవ అక్రమ రవాణా వ్యతిరేక దినమని ఏటా జులై 30న ఫ్లెక్సీలు కట్టి విద్యార్థులను ఎండలో ఊరేగించడం కూడా ఈ కోవలోదే. ఆ ఖర్చుతో ఒడియా తెలిసిన ఒక మనిషిని జిల్లాకు ఒకరిని పెట్టుకోవచ్చు. పోలీసు శాఖలో మానవ రవాణా నిరోధక విభాగాలు ఉన్నాయి కదా అంటారేమో. నేను చూసిన విభాగంలోని సిబ్బంది సగం రోజులు బందోబస్తు పనులలోనే ఉండేవారు.

కొత్తగా సమగ్ర చట్టం కావాలనేవారు చాలామంది ఉన్నారు. 2018 జులైలో అటువంటి బిల్లును లోక్‌సభ ఆమోదించింది, రాజ్యసభ దాకా పోక 2019లో అది మురిగిపోయింది. వచ్చి ఉన్నా మా బట్టీ దగ్గర తర్జుమా చేసేవాడు ఆ గుమాస్తాయే అయ్యేవాడు.

మీరు అడిగింది ఊరికే తెలుసుకోవడానికి కాకుండా, కళ్ల ముందు ఎక్కడైనా ఇటువంటిది జరుగుతున్నందువల్ల అయితే, ఫోనుతో సరిపెట్టకండి. చిన్నపిల్లలుంటే 1098కి చెప్పండి, ప్రమాదం ఉంటే 112కి చేయండి, వాటితో పాటు కలెక్టరు గారికి రాతపూర్వకంగా అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. అర్జీలో ‘కూలి బకాయి’ అని రాయవద్దు, అలా రాస్తే అది కార్మిక శాఖ బల్ల మీదికి పోయి సామరస్యంగా ముగుస్తుంది. ‘అడ్వాన్సు ఇచ్చి తెచ్చారు, వెట్టి చేయిస్తున్నారు, 1976 చట్టం కింద విచారించి విముక్తి పత్రాలు ఇవ్వండి’ అని ఆ మాటలతోనే రాయండి. యజమాని మనుషులు లేకుండా, కూలీల భాష తెలిసిన వేరొకరి ద్వారా వాంగ్మూలం తీసుకోవాలని కూడా చేర్చండి. గోడ మీద గీతలేమైనా కనిపిస్తే, మాలాంటివాళ్లు రాకముందే ఫొటో తీసి పెట్టుకోండి.