వెనిగర్‌లో ఊరబెట్టిన గుడ్లను బయట ఉంచవచ్చా?

వద్దు, తప్పకుండా ఫ్రిజ్‌లోనే పెట్టండి. వెనిగర్ ఉంది కదా, పాడవదులే అని చాలామంది అనుకుంటారు. కానీ పులుపు పచ్చసొన మధ్య వరకు చేరడానికి రోజులు పడుతుంది. ఈలోగా గాలి తగలని ఆ లోపలి భాగంలో క్లోస్ట్రిడియం బొటులినం అనే బ్యాక్టీరియా పెరిగి విషం తయారుచేయగలదు. 1997లో అమెరికాలోని ఇల్లినాయ్‌లో ఒకాయనకు ఇలాగే ఇంట్లో ఊరబెట్టిన గుడ్లు తిని, ఆ విషం వల్ల కలిగే బొటులిజం అనే ప్రమాదకరమైన జబ్బు వచ్చింది. ఆ గుడ్లకు టూత్‌పిక్‌తో గుచ్చారు, సీసాను బయటే ఉంచారు. అందుకే రుచి బాగా పడుతుందని గుడ్డుకు గాట్లు పెట్టడం, గుచ్చడం అసలు చేయకండి. ఈ ఒక్క విషయంలో నేను చాలా పట్టుదలగా ఉంటాను.

తయారీ మాత్రం తేలికే. లీటరు సీసాలో మధ్యరకం గుడ్లు దాదాపు 12 పడతాయి. గట్టిగా ఉడికించి, చల్లార్చి, పెంకు ఒలవండి. వారం పాతవైతే పెంకు సులువుగా వస్తుంది. చిట్లినవాటిని పక్కన పెట్టి అప్పుడే తినేయండి. 5 శాతం ఆమ్లత ఉన్న వెనిగర్‌లో ఉప్పు, కొంచెం చక్కెర, మిరియాలు వేసి మరిగించి, వేడినీళ్లలో మరిగించిన శుభ్రమైన సీసాలోని గుడ్లు పూర్తిగా మునిగేలా పోయాలి. వెనిగర్‌లో నీళ్లు ఎక్కువ కలపకండి.

చిన్న గుడ్లు ఊరడానికి ఒకటి రెండు వారాలు, పెద్దవాటికి రెండు నుంచి నాలుగు వారాలు పడుతుంది. మూడు నాలుగు నెలల్లోపు తినేయాలి. వడ్డించేటప్పుడు కూడా రెండు గంటలకు మించి బయట ఉంచకండి.