హీరో సంగతి తర్వాత చూద్దాం

అల్లుడూ,

మీ అమ్మ నిన్న రాత్రి ఫోన్ చేసింది. ఇన్నేళ్లు సినిమాల్లో ఫైటర్‌గా చేసి ఇప్పుడు డైరెక్షన్ అంటున్నావట, హీరో కూడా నువ్వేనట. "నువ్వే చెప్పు అన్నయ్యా, నీ మాటైతే వింటాడు" అంది. మానెయ్యమని చెప్పడానికి రాయటం లేదు. నీకు కరాటే నేర్పింది నేనే, ఆ పాపంలో నాకూ వాటా ఉంది.

బ్రూస్ లీ 1972లో తనే రాసి, తనే తీసి, తనే ఆడిన 'వే ఆఫ్ ది డ్రాగన్' ఉంది చూడు, అందులో చక్ నోరిస్‌తో కొలోసియం ఫైట్ నువ్వు వందసార్లు చూసుంటావు. ఈసారి కిక్కులు లెక్కపెట్టకుండా చూడు. దెబ్బ పడకముందు ఇద్దరూ ఎదురెదురుగా ఒళ్లు విరుచుకుంటూ, కీళ్లు సడలించుకుంటూ ఎంతసేపు గడుపుతారో చూడు. ఓ పిల్లిపిల్ల పక్కన కూర్చుని వేడుక చూస్తుంటుంది. మొదట తన్నులు తినేది బ్రూస్ లీయే. తిన్నాకే అడుగు మార్చి, తేలిగ్గా గెంతుతూ ఆడటం మొదలెడతాడు. చివర్లో చచ్చిపోయినవాడి మీద వాడి చొక్కా, బెల్టే కప్పి కాసేపు ఆగుతాడు. కిక్ ఎవరైనా సాధన చేస్తే వస్తుంది. ఆ పిల్లిని అక్కడ కూర్చోబెట్టినవాడే డైరెక్టరు. అన్నట్టు, ఆ కొలోసియం లోపలి భాగం చాలావరకు హాంకాంగ్ స్టూడియోలో వేసిన సెట్టే. లొకేషన్ లేదని నా దగ్గర ఏడవకు.

నా సంగతి నీకెప్పుడూ సరిగ్గా చెప్పలేదు. నేనూ ఓసారి భీమిలి దగ్గర ఇసకలో చిన్న సినిమా మొదలెట్టాను, హీరోనీ నేనే, డైరెక్టర్నీ నేనే. ప్రతి టేకుకీ కొట్టడం, మానిటర్ దగ్గరికి పరిగెత్తడం, మళ్లీ రావడం. ఇసకలో మొదటి టేకు అడుగులు రెండో టేకులో కనబడుతున్నాయని ఒక్కడికీ తట్టలేదు! మన తీరాన సూర్యుడు పొద్దున్న సముద్రంలోంచి వస్తాడు, సాయంత్రమైతే కొండల వెనక్కి పోతాడు. నేను సాయంత్రం దాకా వెలుగుంటుందనుకున్నాను. ఎడిటింగ్‌లో కూర్చుంటే ఏముంది, నేను కొడుతున్నవే అన్నీ. తిన్నవాడి ముఖం ఒక్క షాట్‌లోనూ లేదు. ఆ డబ్బు ఎలా తీర్చానో మీ అత్తని అడుగు, వద్దులే, అడక్కు.

అందుకే ముందు ఎడిటింగ్ టేబుల్ దగ్గర కూర్చో. హాంకాంగ్ వాళ్ల బలం అక్కడే ఉంది. ఫైట్ కంపోజ్ చేసినవాడే కెమెరా ఎక్కడ పెట్టాలో చెప్పి, కటింగ్ దగ్గరా ఉండేవాడు. జాకీ చాన్ ఫైట్లు మెల్లగా నడిపించి చూడు. దెబ్బ తగిలే క్షణం మొదటి షాట్ చివరా కాస్త ఉంటుంది, దగ్గర్నుంచి తీసిన రెండో షాట్ మొదట్లోనూ కాస్త ఉంటుంది. కన్ను దాన్ని ఒక్క దెబ్బగానే తీసుకుంటుంది, కానీ గట్టిగా తగిలినట్టుంటుంది. అతనూ, అతనితో ఒకే చైనా ఒపెరా బడిలో పెరిగిన సామో హంగూ చిన్నప్పట్నుంచీ దొర్లి, పడి, స్టంట్లు చేసి, సామో 1977లో, జాకీ 1979లో మెగాఫోన్ పట్టారు.

మనవాళ్లలోనూ ఉన్నారు. ఇదే విశాఖలో సత్యానంద్ గారి దగ్గర నటన నేర్చుకున్న పవన్ కల్యాణ్ తన సినిమాలు కొన్నింట్లో ఫైట్లు తనే కంపోజ్ చేసుకున్నాడు. 2003లో 'జానీ' తీశాడు, అది ఆడలేదు. అంత పేరున్నవాడికే అలా అయితే మొదటి సినిమాకే నువ్వు రెండు బరువులు ఎత్తుకుంటానంటే నేనేం చెప్పను?

ఒకటి మాత్రం గట్టిగా చెబుతాను. 'పోలీస్ స్టోరీ'లో జాకీ షాపింగ్ మాల్ మధ్య స్తంభం పట్టుకుని జారాడు, బల్బుల వేడికి అరచేతులు కాలిపోయాయి. 1985 నాటి ముచ్చట. అతను పణం పెట్టింది తన ఒళ్లు. నీ సెట్టుకి వచ్చేది గాజువాక నుంచో గోపాలపట్నం నుంచో బస్సెక్కి వచ్చిన పిల్లలు. కింద పరుపు లేకుండా, ఆసుపత్రికి బండి సిద్ధంగా లేకుండా ఎవర్నీ పైనుంచి దూకించకు. ఆ ఖర్చు మిగుల్చుకుందామనే నిర్మాత దొరికితే దండం పెట్టి వచ్చెయ్.

మూడు నిమిషాల సినిమా తియ్యి ముందు. వన్‌టౌన్‌లో పాత మేడమెట్లు చాలు, ఇద్దరు మనుషులు చాలు. ఇరుకైతే కెమెరా ఎక్కడ పెట్టాలో ఆలోచించక తప్పదు. నువ్వు కనబడకు, కెమెరా వెనకే ఉండు.

ఆదివారం పొద్దున్న ఐదున్నరకి క్లాసు దగ్గరికి రా. నీతో పనిచేసిన ఫైటర్లలో ఎవరు బాగా పడతారో, ఎవరి ముఖంలో నొప్పి కనబడుతుందో పేర్లు రాసుకురా. హీరో సంగతి తర్వాత చూద్దాం.

మీ మావయ్య