నాటకశాలలో పర్యావరణహితం: పైకప్పు మీదా, కుర్చీల కిందా?

ప్రశ్న: వాడుకలో లేని ఒక పాత గోదామును నాటకాలకూ నృత్యానికీ కళాకేంద్రంగా మార్చాలని మా బృందం అనుకుంటోంది. పైకప్పు మీద సోలార్ పలకలు పెట్టించి, గోడలకు తీగలు పాకిస్తే పర్యావరణహితమైన భవనం అయిపోతుందని కొందరు అంటున్నారు. పాతదాన్ని కూల్చి కొత్తగా కట్టడమే మేలని మరికొందరి సలహా. ఏది సరైన దారి?
– ఒక పాఠకురాలు

జవాబు: కూల్చమన్న సలహాను ముందుగా పక్కన పెట్టండి. సిమెంటు, ఉక్కు, ఇటుకల తయారీలోనే బోలెడంత కర్బన వాయువు వెలువడుతుంది కాబట్టి, పునాదులూ గోడలూ గట్టిగా ఉన్నంతవరకు వాటిని నిలుపుకోవడమే అన్నిటికన్నా పెద్ద పొదుపు. కూల్చక తప్పకపోయినా సామగ్రిని వదులుకోనక్కరలేదు. ఇంగ్లండులోని లివర్‌పూల్ ఎవ్రీమాన్ థియేటర్‌ను తిరిగి కట్టినప్పుడు పాత భవనం నుంచి తీసిన దాదాపు 25,000 ఇటుకలను కొత్త ప్రేక్షకశాలకు వాడుకున్నారు. ఆ కట్టడానికి 2014లో బ్రిటన్‌లో భవన నిర్మాణ కళకు ఇచ్చే స్టిర్లింగ్ బహుమతి లభించింది.

తీగల మాట అందానికి సంబంధించినది, దాని జోలికి నేను పోను. సోలార్ పలకలు మంచివే గాని, నాటకం ఎక్కువగా సాయంత్రమే ఆడుతుంది, ఎండ పగలే కాస్తుంది. పగటి రిహార్సళ్ళకూ నృత్య తరగతులకూ ఆ విద్యుత్తు నేరుగా ఉపయోగపడుతుంది. అయితే పైన పలకల బరువు, కింద వేలాడే లైట్ల బరువు రెండూ ఒకే కప్పు మోయాలి. గోదాము కప్పులను సాధారణంగా అంత బరువుకు కట్టరు కాబట్టి స్ట్రక్చరల్ ఇంజనీరు చూసి సరేనన్నాకే ముందుకు వెళ్ళండి.

అసలు లెక్క హాలులోని గాలి దగ్గర తేలుతుంది. కదలకుండా కూర్చున్న మనిషి ఒంటి నుంచే సుమారు 100 వాట్ల వేడి వస్తుంది. 400 మంది నిండితే అది 40 కిలోవాట్లు. పైకప్పు నుంచి చల్లగాలిని కిందికి తోసే మామూలు పద్ధతిలో, ఎవరూ కూర్చోని ఎత్తయిన భాగాన్ని కూడా చల్లబరుస్తూ పోతాం. దానికి బదులు కుర్చీల కింద నుంచి గాలిని నెమ్మదిగా వదిలితే, అది మనుషుల వేడిని అందుకుని తనంతట తానే పైకి లేచి, కప్పు దగ్గర బయటికి పోతుంది. ఫ్యాన్ల వేగం తగ్గుతుంది గనుక రొద కూడా తగ్గుతుంది, నటుడి గుసగుస చివరి వరుసకు వినబడుతుంది. ఎవ్రీమాన్‌లో ఏసీ అవసరం లేకుండానే ఎత్తయిన ఇటుక గొట్టాల గుండా ఈ పని జరుగుతుంది. ఉక్కపోత ఎక్కువగా ఉండే చోట ఏసీ తప్పదు గాని, అక్కడ కూడా గాలిని కింది నుంచే ఇవ్వడం లాభం. ఒక్క జాగ్రత్త: గాలి వచ్చే దారినే వీధిలోని హారన్ల మోత కూడా వస్తుంది. లోపల శబ్దాన్ని పీల్చే పొర వేసిన వంపుల దారులు ఏర్పాటు చేయకపోతే, మొదటి ప్రదర్శన రోజునే కిటికీలన్నీ మూసి ఏసీ వేసుకుంటారు.

నృత్యశాలను వేరుగా చూడాలి. చెమటోడ్చే నర్తకులకు గాలి మార్పిడి ఎక్కువ కావాలి, అయినా చల్లగాలి ఒంటికి నేరుగా తగలకూడదు, కండరాలు పట్టేస్తాయి. కాంక్రీటు మీద నేరుగా చెక్క పరచడం చవకే గాని మోకాళ్ళకు చేటు. కింద దూలాలు, రబ్బరు దిమ్మలు వేసి కాస్త స్ప్రింగులా ఆడే నేలను అమర్చండి. పాత చెక్క దొరికితే దూలాలకు వాడవచ్చు.

ప్రశ్న: ఎల్‌ఈడీ లైట్లు వేస్తే రంగస్థలం కళ తప్పుతుందని మా లైటింగ్ కళాకారుడి అభ్యంతరం. నిజమేనా?

జవాబు: కొంత నిజమే. నాసిరకం ఎల్‌ఈడీలో ముఖవర్ణం పాలిపోతుంది, వెలుగు మెల్లగా ఆరాల్సిన చోట చివర్లో టక్కున తెగిపోతుంది. పాత టంగ్‌స్టన్ దీపం వాడే కరెంటులో అధిక భాగం వేడిగానే పోతుందన్నదీ అంతే నిజం. కొనే ముందు ఆయన్నే కూర్చోబెట్టి, ఒక నటుడి ముఖం మీద వెలుగును పూర్తిగా ఆరేదాకా తగ్గించి చూపించమనండి. అది నచ్చాకే బేరం చేయండి. సెట్ల విషయంలో మాత్రం అంత తర్జనభర్జన అక్కరలేదు: ఫ్లాట్లన్నీ (సెట్టులో గోడల్లా నిలబెట్టే చట్రాలు) ఒకే కొలతలో చేయించి, జిగురుకు బదులు బోల్టులు వాడి, వాటిని దాచుకునే గదికి ప్లానులో ఇప్పుడే చోటు వదలండి.