పాఠకుల ప్రశ్నలు: నడినెత్తి పొద్దు, రెండు దిక్కుల నీడ

ప్రశ్న: ఇంట్లో దొరికిన పాత ఆంగ్ల భూగోళ పాఠ్యగ్రంథంలో ఉష్ణమండల వాసులను ‘ఆంఫిషియన్’ అనే విశేషణంతో వర్ణించారు. కొన్ని పుటల తర్వాత ‘ఆషియన్’ అనే మాట కూడా కనిపించింది. రెండవది ఆసియా ఖండానికి సంబంధించినదేమో అనుకున్నాను గాని సందర్భం కుదరలేదు. ఈ మాటలకు అర్థం ఏమిటి? వరంగల్ ప్రాంతం వాళ్లమైన మనకు ఇవి వర్తిస్తాయా?
– ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: రెండూ నీడను బట్టి పుట్టిన మాటలే తప్ప ఆసియా ఖండంతో వాటికి ఏ సంబంధమూ లేదు. గ్రీకు భాషలో ‘స్కియా’ అంటే నీడ, ‘ఆంఫి’ అంటే ఇరువైపులా. మిట్టమధ్యాహ్నం వేళ పడే నీడ ఏడాదిలో కొంతకాలం ఉత్తరానికి, మిగిలిన కాలం దక్షిణానికి ఉండే ప్రదేశాన్ని గాని, అక్కడ నివసించే వారిని గాని ఆంఫిషియన్ అంటారు. ఆషియన్ అనే మాటలో మొదటి అక్షరం మన సంస్కృత పదాల్లోని ‘అ’ మాదిరిగానే లేమిని చెబుతుంది కనుక దాని అర్థం ‘నీడ లేని’ అని. మన ‘ఛాయ’, గ్రీకుల ‘స్కియా’ ఒకే మూలం నుంచి చీలి వచ్చిన తోబుట్టువులు కావడం వల్ల ఈ పరాయి మాటలు మనకు వినిపించినంత దూరపువి కావు.

క్రీస్తు పూర్వం రెండు, ఒకటో శతాబ్దాలలో జీవించిన పొసిడోనియస్ అనే గ్రీకు పండితుడు భూమి మీది మండలాలను మధ్యాహ్నపు నీడ తీరును బట్టి వేరు చేశాడని భూగోళ రచయిత స్ట్రాబో చెప్పాడు. నీడ రెండు వైపులకూ మారే ఉష్ణమండలం ఒకటి. ఏడాది పొడుగునా ఒకే వైపు పడే సమశీతోష్ణ మండలం ఒకటి, దానికి చెప్పే విశేషణం ‘హెటెరోషియన్’. సూర్యుడు అస్తమించని రోజుల్లో నీడ మనిషి చుట్టూ గుండ్రంగా తిరిగి వచ్చే ధ్రువమండలం ఒకటి, దానికి ‘పెరిషియన్’. వేడి, చలి అనేవి గాలినీ ఎత్తునూ సముద్రాన్నీ బట్టి మారిపోతాయి. అదే ఎత్తున నిలబెట్టిన కర్ర నీడ మాత్రం అక్షాంశాన్నీ తేదీనీ వేళనూ తప్ప మరి దేనినీ లెక్కచేయదు. అందుకే వేడిని బట్టి చేసిన విభజన కంటే ఈ విభజనే నాకు నిక్కమైనదిగా కనిపిస్తుంది.

ఇక వరంగల్ సంగతి. మన ఊరు భూమధ్యరేఖకు ఉత్తరంగా దాదాపు 18 డిగ్రీల అక్షాంశం మీద ఉంది. సూర్యుడు ఉత్తరంగా 23 డిగ్రీల 26 నిమిషాల వరకు, అంటే కర్కాటక రేఖ వరకు వచ్చి వెనుదిరుగుతాడు కనుక మన నడినెత్తిని ఒకసారి పోతూ, ఒకసారి తిరిగి వస్తూ దాటక తప్పదు. సమతలంగా ఉన్న నేల మీద ఒక మీటరు కర్రను నిట్టనిలువుగా నిలిపి ప్రతిరోజూ మధ్యాహ్నం నీడ కొసను గుర్తు పెడితే ఈ నడక అంతా నేల మీదనే చదువుకోవచ్చు. డిసెంబరు 21, 22 తేదీలలో నీడ ఉత్తరంగా 88 సెంటీమీటర్ల దాకా సాగుతుంది. అక్కడి నుంచి కుదించుకుంటూ మార్చి 21 నాటికి 32 సెంటీమీటర్లకు వస్తుంది, మే 11, 12 తేదీల ప్రాంతంలో పూర్తిగా కర్ర మొదట్లో అణిగిపోతుంది. ఆ తర్వాత అది దక్షిణంగా తలెత్తుతుంది. జూన్ 21 నాడు దక్షిణంగా దాదాపు తొమ్మిదిన్నర సెంటీమీటర్లు ఉండి, మళ్లీ తగ్గి, ఆగస్టు 1 ప్రాంతంలో రెండవసారి మాయమై, తిరిగి ఉత్తరానికి మళ్లుతుంది. అంటే ఏడాదిలో సుమారు 80 రోజులు మన నీడ దక్షిణానికి, మిగతా కాలం ఉత్తరానికి. కాబట్టి వరంగల్ వాసులు నిస్సందేహంగా ఆంఫిషియన్లు. ఆషియన్లు కూడా అవునా అంటే, ఏడాదికి రెండు మధ్యాహ్నాల పాటు మాత్రమే అవును.

ఈ రెండు మాటల మధ్య ఉన్న అసలు తేడా ఇక్కడే ఉంది. మొదటిది ఊరికి శాశ్వతంగా చెందే గుణం. రెండవది ఊరూ తేదీ కలిసినప్పుడు మాత్రమే చెల్లే గుణం. ఉష్ణమండలమంతటినీ, ఏడాదంతా, నీడ లేని ప్రాంతంగా వర్ణించే వాక్యాలు కొన్ని పుస్తకాలలో కనిపిస్తాయి గాని అవి తప్పు. ఏ రోజున చూసినా ఒక్క అక్షాంశం మీది ఊళ్లకే ఆ యోగం పడుతుంది. మరునాడు అది కొంచెం ఉత్తరంగానో దక్షిణంగానో ఉన్న వేరే ఊళ్లకు జరిగిపోతుంది.

ఈ వర్ణనలో భారతదేశానికి మొదటి నుంచీ చోటు ఉందని కూడా తెలుసుకోవాలి. క్రీస్తు శకం మొదటి శతాబ్దపు రోమన్ రచయిత ప్లీనీ, భారతదేశంలో మాలియస్ అనే కొండ దగ్గర నీడలు వేసవిలో దక్షిణానికి, చలికాలంలో ఉత్తరానికి పడతాయని రాసి పెట్టాడు. నీడ ఎప్పుడూ ఉత్తరానికే పడటం చూసిన మధ్యధరా తీరవాసులకు అది వింత. మనకు అది ఏటా వాకిట్లో జరిగే సంగతే అయినా మనం పట్టించుకోము. రోహిణి కార్తె ఎండలకు రోళ్లు పగులుతాయని సామెతగా చెప్పుకుంటామే, ఆ కార్తె నడిచే మే 25 నుంచి జూన్ మొదటి వారం దాకా వరంగల్‌లో మధ్యాహ్నపు సూర్యుడు మన నెత్తికి ఉత్తరం వైపున ఉంటాడు. ‘పొద్దు దక్షిణం నుంచే కాస్తుంది, ఉత్తరపు గోడకు ఎండ తగలదు’ అనే నమ్మకం ఆ రోజుల్లో చెల్లదు. మధ్యాహ్నం వేళ చూరు నీడ ఆ గోడను కాపాడినా, ఉదయం సాయంత్రాలు ఎండ దానిని ఏటవాలుగా తాకుతూనే ఉంటుంది.

ప్రశ్న: నీడ మాయమయ్యే రోజున పిల్లలతో మైదానంలో కర్ర పాతించి సరిగ్గా పన్నెండు గంటలకు చూశాము. నీడ పోలేదు, పడమటి వైపు కొద్దిగా మిగిలింది. తేదీ తప్పా, మేము చేసిన పద్ధతి తప్పా? మా జగిత్యాలకు తేదీలు వేరుగా ఉంటాయా?
– ఒక ఉపాధ్యాయుడు, జగిత్యాల జిల్లా

జవాబు: తేదీ తప్పు కాకపోవచ్చు. మీరు నమ్మిన పన్నెండు గంటలు మీ ఊరి పన్నెండు గంటలు కావు. మన దేశమంతటికీ గడియారం 82 డిగ్రీల 30 నిమిషాల తూర్పు రేఖాంశాన్ని బట్టి నడుస్తుంది. వరంగల్ 79.6 డిగ్రీల దగ్గర, మీ జగిత్యాల ఇంకొంచెం పడమటగా ఉన్నాయి. ఒక్కొక్క డిగ్రీ దాటడానికి సూర్యుడికి నాలుగు నిమిషాలు పడుతుంది కనుక వరంగల్‌లో సూర్యుడు మధ్యాహ్నరేఖను గడియారం కంటే సగటున 11, 12 నిమిషాలు ఆలస్యంగా చేరతాడు. దీనికి తోడు భూమి సూర్యుని చుట్టూ ఒకే వేగంతో తిరగదు, దాని ఇరుసు కూడా ఒరిగి ఉంది. ఈ రెండు కారణాల వల్ల సూర్యుడు కొన్ని నెలల్లో నిమిషాల కొద్దీ ముందుంటాడు, కొన్ని నెలల్లో వెనుకబడతాడు. మే నెల మధ్యలో దాదాపు నాలుగు నిమిషాలు ముందు, ఆగస్టు మొదట్లో ఆరు నిమిషాలకు పైగా వెనుక. రెండూ కలిపి చూస్తే వరంగల్‌లో నిజమైన మిట్టమధ్యాహ్నం మే 12 ప్రాంతంలో 12 గంటల 8 నిమిషాలకు, ఆగస్టు 1 ప్రాంతంలో 12 గంటల 18 నిమిషాలకు వస్తుంది. జగిత్యాలకు మరో రెండు మూడు నిమిషాలు చేర్చుకోండి.

పన్నెండు గంటలకు సూర్యుడు ఇంకా తూర్పు పక్కనే ఉన్నాడు కనుకనే మీకు నీడ పడమటికి మిగిలింది. వరంగల్‌లో మే నెలలో ఆ ఎనిమిది నిమిషాల తేడాకే మీటరు కర్ర నీడ మూడు సెంటీమీటర్లకు మించి ఉంటుంది. ఆగస్టులో ఏడెనిమిది సెంటీమీటర్ల దాకా ఉంటుంది. దీనితో పోలిస్తే తేదీ ఒక రోజు అటూ ఇటూ కావడం వల్ల వచ్చే తేడా అర సెంటీమీటరు కూడా ఉండదు. కాబట్టి ఈ ప్రయోగంలో తేదీ కంటే నిమిషాలకే ఎక్కువ విలువ ఇవ్వాలి. పదిహేను నిమిషాల ముందు నుంచి రెండేసి నిమిషాలకు ఒకసారి నీడ కొసను సుద్దముక్కతో గుర్తు పెట్టించండి. నీడ కుదించుకుంటూ వచ్చి, ఒకటి రెండు నిమిషాలు కనిపించకుండా పోయి, తర్వాత తూర్పు వైపు సాగడం మొదలుపెడుతుంది. కర్ర నిలువుగా ఉన్నదో లేదో దారానికి బరువు కట్టి వేలాడదీసి సరిచూసుకోవాలి. ఒక డిగ్రీ వంగినా ఒకటిన్నర సెంటీమీటరుకు పైగా దొంగ నీడ పుడుతుంది.

తేదీలు ఊరి అక్షాంశాన్ని బట్టి మారతాయి. కరీంనగర్‌కు మే 13, 14 ప్రాంతంలో, తిరిగి జూలై 30 ప్రాంతంలో. జగిత్యాలకు మే 15, జూలై 28, 29 ప్రాంతాల్లో. ఆదిలాబాద్‌కు మే 19, జూలై 24, 25 ప్రాంతాల్లో నీడ మాయమవుతుంది. ఉత్తరానికి పోయిన కొద్దీ ఆ రెండు తేదీలూ జూన్ 21కి దగ్గరగా జరుగుతాయి కనుక నీడ దక్షిణానికి పడే కాలం తరిగిపోతుంది. ఆదిలాబాద్‌లో అది రెండు నెలలకు కాస్త ఎక్కువ మాత్రమే. కర్కాటక రేఖ మీద రెండు తేదీలూ కలిసి ఒక్కటైపోతాయి. ఆ రేఖను దాటి ఢిల్లీ చేరితే మధ్యాహ్నపు నీడ ఎన్నడూ ఉత్తరం వదలదు. జూలై, ఆగస్టు నెలల్లో మబ్బు అడ్డుపడే అవకాశం ఎక్కువ కాబట్టి పిల్లలకు చూపించడానికి మే నెలలోని తేదీనే ఎంచుకోవడం మంచిది. బడికి సెలవులు ఉంటాయన్నది నిజమే అయినా, ఈ ప్రయోగానికి ఇంటి మేడ, ఒక కర్ర చాలు.

ప్రశ్న: ఈ విశేషణాలకు తెలుగులో ఏ మాటలు వాడాలి? వాక్యంలో ఎలా ప్రయోగించాలి?
– ఒక పాఠకుడు, మహబూబాబాద్

జవాబు: శాస్త్ర వ్యాసాలలో ‘ఉభయచ్ఛాయ’, ‘ఏకచ్ఛాయ’, ‘పరిచ్ఛాయ’, ‘నిశ్ఛాయ’ అని సమాసాలు కూర్చుకోవచ్చు, నాలుగూ సంధి నియమాలకు లోబడినవే. ‘వరంగల్ ఉభయచ్ఛాయ ప్రదేశం’, ‘మే నెలలో వచ్చే నిశ్ఛాయ దినం’, ‘ఢిల్లీ ఏకచ్ఛాయ నగరం’ అని రాస్తే అర్థం స్పష్టంగా ఉంటుంది. సామాన్య పాఠకుల కోసమైతే ‘ఇరునీడ’ అనే అచ్చ తెలుగు మాట మొదట నన్ను ఆకర్షించింది గాని, ఒకేసారి రెండు నీడలు పడతాయన్న భ్రమ కలిగిస్తుంది కనుక దానిని సిఫారసు చేయను. ‘రెండు దిక్కులకూ నీడ మారే ఊరు’ అని కాస్త పొడుగ్గా చెప్పడమే మేలు.

ప్రయోగంలో తప్పనిసరిగా గుర్తుంచుకోవలసినది ఒకటుంది. ఈ మాటలన్నీ మిట్టమధ్యాహ్నపు నీడకే కట్టుబడినవి. ఉదయం పడమటికి, సాయంత్రం తూర్పుకు నీడ పడటం భూమి మీద చాలా చోట్ల జరిగేదే; దానిని చూసి ఏ ఊరినీ ఉభయచ్ఛాయ అనరాదు. పరిచ్ఛాయ ఒక్కటే దీనికి మినహాయింపు, ఎందుకంటే అది రోజంతా నీడ చేసే ప్రదక్షిణను చెబుతుంది. అంటార్కిటికాలో మన దేశం నడుపుతున్న మైత్రి, భారతి కేంద్రాలు రెండూ దక్షిణ ధ్రువవృత్తం లోపలే ఉన్నాయి కనుక డిసెంబరులో అక్కడ పనిచేసే మన శాస్త్రవేత్తలను పరిచ్ఛాయులు అనడం అక్షరాలా సరైన ప్రయోగం.

మన జ్యోతిర్గణిత సంప్రదాయంలో ఇదే నీడకు ఇంకా నిశితమైన మాటలు ఉన్నాయి. పన్నెండు అంగుళాల శంకువును, అంటే నీడ కొలిచే నిలువు పుల్లను నిలిపి, విషువ దినాన అంటే పగలూ రాత్రీ సమానమైన రోజున దాని మధ్యాహ్నపు నీడను కొలిచి, ఆ కొలతను ‘పలభ’ అన్నారు. సూర్యసిద్ధాంతంలో త్రిప్రశ్నాధికారం అనే అధ్యాయం దిక్కు, దేశం, కాలం అనే మూడు ప్రశ్నలను ఈ శంకువు నీడతోనే తేలుస్తుంది. వరంగల్ పలభ నాలుగు అంగుళాలకు రవ్వంత తక్కువ. గ్రీకు విశేషణం మన ఊరు ఏ మండలంలో ఉందో మాత్రమే చెబితే, పలభ ఏ అక్షాంశం మీద ఉందో కూడా చెప్పేస్తుంది. ఈ మాటను పాఠ్యపుస్తకాలలోకి తిరిగి తీసుకురావాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.

ప్రశ్న: పానగల్లు ఛాయా సోమేశ్వరాలయంలో రోజంతా కదలని నీడకూ దీనికీ సంబంధం ఉందా?
– ఒక పాఠకురాలు, జనగామ

జవాబు: లేదు. నల్లగొండ దగ్గరి ఆ గుడిలో గర్భాలయంలో పడే నీడ, బయటి వెలుతురు స్తంభాల మధ్య నుంచి లోపలికి చేరే అమరిక వల్ల ఏర్పడినది. పగలంతా అది నిలిచి ఉండేలా కట్టడం శిల్పుల నేర్పు. ఆ ఊరు కూడా ఉష్ణమండలంలోనే ఉంది కనుక ఆరుబయట నిలిపిన కర్రకు అక్కడా రెండు నిశ్ఛాయ దినాలు ఉంటాయి. అవి మే నెలలో వరంగల్ కంటే కొన్ని రోజులు ముందుగా, ఆగస్టులో కొన్ని రోజులు తర్వాత వస్తాయి.