మారిషస్‌లో మూడేళ్ల ఉద్యోగం: పిల్లల చదువు సంగతేమిటి?

ప్రశ్న: మాది విశాఖపట్నం. మా వారికి మారిషస్‌లోని ఎబెన్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వచ్చింది. ఒప్పందం మూడేళ్లు, ఆ తర్వాత పొడిగించవచ్చంటున్నారు. పాప ఎనిమిదో తరగతి, బాబు నాలుగో తరగతి పూర్తి చేశారు. పాపకు సైన్స్ ఇష్టమే కానీ ఏమవ్వాలో ఇంకా తేల్చుకోలేదు. అంత చిన్న దీవిలో నాలుగైదు భాషల మధ్య చదువు పాడవుతుందని, పాపను ఇక్కడే హాస్టల్లో ఉంచి వెళ్లమని బంధువులు అంటున్నారు. అక్కడ రకరకాల జాతులవాళ్లు ఉంటారు కాబట్టి పిల్లల్ని మనవాళ్లతో తప్ప కలవనివ్వొద్దని కూడా చెబుతున్నారు. ఏం చేయమంటారు?

జవాబు: అమ్మా, సూటిగా చెప్తాను. నలుగురూ కలిసే వెళ్లండి. ఈ వయసు పిల్లను మూడేళ్లు హాస్టల్లో వదిలేయాల్సినంత అవసరం నాకు కనిపించడం లేదు. మీ ఉత్తరం చదివాక నాకు టెన్షన్ పెట్టింది అక్కడి భాషలు కాదు, ఆ మూడేళ్ల ఒప్పందం. దాని సంగతి కింద వివరంగా చెప్తాను. ముందు మీ బంధువుల భయం గురించి.

మారిషస్ ఒకప్పుడు మనుషులే లేని దీవి. ఇప్పుడున్న వాళ్లందరి పెద్దలూ బయటి నుంచి వచ్చినవాళ్లే. చెరకు తోటల యజమానులుగా ఫ్రెంచివాళ్లు, బానిసలుగా ఆఫ్రికా, మడగాస్కర్ జనం, 1834 నుంచి ఒప్పంద కూలీలుగా మనవాళ్లు, వ్యాపారానికి చైనావాళ్లు వచ్చారు. బ్రిటిష్ పాలన 1968 మార్చి 12తో ముగిసింది. మన కోరంగి రేవు నుంచి ఓడలెక్కిన తెలుగువాళ్ల సంతతి అక్కడ ఇప్పటికీ సింహాద్రి అప్పన్న పూజ చేస్తుంది, అమ్మోరు పండుగ చేసుకుంటుంది. ఉగాదికి దేశమంతా సెలవు. విశాఖవాళ్లు కాబట్టి అప్పన్న పేరు అక్కడ వినబడితే మీకు మనసు నిండుతుంది. అయితే వాళ్ల ఇళ్లలో మాట్లాడుకునేది ఎక్కువగా క్రియోల్, అంటే ఫ్రెంచి నుంచి పుట్టిన స్థానిక భాష. తెలుగు పూజలోనూ పాఠంలోనూ మిగిలింది. కాబట్టి ‘మనవాళ్లు’ అన్న గిరి గీసుకుని కూర్చుంటే, ఆ మనవాళ్లతోనే మీ పిల్లలు సరిగ్గా మాట్లాడలేరు.

గొడవలే లేవని చెప్పను. స్వాతంత్ర్యానికి ముందు, 1968 జనవరిలో, రాజధాని పోర్ట్ లూయీలో క్రియోల్ (భాష పేరే ఈ వర్గానికీ ఉంది), ముస్లిం వర్గాల మధ్య అల్లర్లు జరిగాయి. 1999 ఫిబ్రవరిలో కాయా అనే గాయకుడు పోలీసు కస్టడీలో చనిపోయినప్పుడు మళ్లీ దేశం అట్టుడికింది. బానిసల సంతతి అయిన క్రియోల్ కుటుంబాల పిల్లలు చదువులో వెనకబడుతున్నారన్న బాధ అక్కడ చాలాకాలంగా ఉంది. ఇంట్లో మాట్లాడే భాష ఒకటి, పుస్తకంలో భాష మరొకటి కావడం దానికి ఒక కారణం. క్రియోల్‌ను ప్రాథమిక పాఠశాలల్లో ఐచ్ఛిక విషయంగా పెట్టింది 2012లోనే.

తరగతి గది ఎలా ఉంటుందో చెప్తే మీకే తెలుస్తుంది. సైన్స్ పుస్తకం ఇంగ్లిష్‌లో ఉంటుంది. పిల్లలకు అర్థం కాకపోతే టీచర్ క్రియోల్‌లోకి దిగి వివరిస్తారు. ఫ్రెంచి మొదటి తరగతి నుంచే తప్పనిసరి, పత్రికలూ ఎక్కువగా ఫ్రెంచిలోనే. ఇక పూర్వీకుల భాషల పీరియడ్ రాగానే ఒకే తరగతి పిల్లలు విడిపోతారు. కొందరు హిందీకి, కొందరు ఉర్దూకి, తమిళానికి, తెలుగుకి, మరాఠీకి, చైనా భాషకు వెళ్తారు. తెలుగు పాఠ్యపుస్తకాలు మోకా అనే ఊళ్లోని మహాత్మాగాంధీ సంస్థ తయారుచేస్తుంది. ఆ పీరియడ్ అయ్యాక అందరూ మళ్లీ ఒకే మైదానంలో, ‘కి మన్యేర్?’ (ఎలా ఉన్నావ్?) అని పలకరించుకుంటూ క్రియోల్‌లో అరుచుకుంటూ ఆడతారు. మీ బాబు ఆ మైదానంలో ఉండాలి. అందుకే క్రియోల్ రానివ్వండి, అది మాట్లాడే పిల్లల ఇళ్లకు వెళ్లనివ్వండి. ఈ విషయంలో నేను మెట్టు దిగను.

ఇక చదువు. 1977 నుంచి ప్రభుత్వం సెకండరీ విద్యను ఉచితం చేసింది. చెరకు కూలీల మనవలు డాక్టర్లు, లాయర్లు అయిన దేశమది. అందుకే చదువంటే అక్కడి తల్లిదండ్రులకూ మనలాగే ప్రాణం, పోటీ కూడా మనలాగే. ప్రాథమిక విద్య చివర ఫలితాలను బట్టి పిల్లలను పేరున్న కాలేజీలకు (అక్కడ హైస్కూళ్లనూ కాలేజీలనే అంటారు) పంపే పాత పరీక్షను 2017 నుంచి మార్చారు. ఇప్పుడు ఆరో గ్రేడులో ఒక పరీక్ష, తొమ్మిదో గ్రేడులో మరొకటి ఉన్నాయి. ఆ రెండోదానిలో బాగా రాసినవాళ్లకు అకాడమీలనే కాలేజీల్లో సీట్లు దొరుకుతాయి. ట్యూషన్లు మాత్రం తగ్గలేదు. వాటిని అక్కడ ‘లెసోన్’ అంటారు, బడి వదిలాక పిల్లలు నేరుగా అక్కడికే పోతారు. మన కార్పొరేట్ స్కూళ్ల నుంచి తప్పించుకుంటున్నామని మీరు అనుకుంటే, ఆ ఆశ కొంచెం తగ్గించుకోండి.

బాబుకు స్థానిక పద్ధతిలో పెద్ద అడ్డంకి ఫ్రెంచి. తోటి పిల్లలు నాలుగేళ్లు చదివేసి ఉంటారు, ఆరో గ్రేడు పరీక్షలో అదొక ప్రధాన విషయం. అందుకని ఇంగ్లిష్ మీడియం ప్రైవేటు స్కూలే మేలు. మోకా వైపు క్లావిస్, ల బొకాజ్ లాంటివి ఐబీ (ఇంటర్నేషనల్ బాకలారియేట్) అనే అంతర్జాతీయ పద్ధతిలో నడుస్తున్నాయి. ఎబెన్‌కు మోకా దగ్గరే. ఎక్కడ చేర్చినా, బయలుదేరేలోపు ఇద్దరికీ ఆన్‌లైన్‌లో ఫ్రెంచి మొదలుపెట్టించండి.

పాప విషయానికి వస్తే, ఇక్కడ జాగ్రత్తగా లెక్క వేసుకోవాలి. కేంబ్రిడ్జి పద్ధతి నడిచే మారిషస్ కాలేజీల్లో గ్రేడ్ 11 చివర స్కూల్ సర్టిఫికెట్, గ్రేడ్ 13 చివర హెచ్‌ఎస్‌సీ (హయ్యర్ స్కూల్ సర్టిఫికెట్) రాస్తారు. మొదటిది మన పదో తరగతికి, రెండోది మన ఇంటర్‌కు సాటి. పాప అక్కడ తొమ్మిదిలో చేరితే మూడేళ్ల ఒప్పందం ముగిసేసరికి చేతిలో ఉండేది పదో తరగతికి సమానమైన సర్టిఫికెట్. ఇక్కడికొచ్చి ఇంటర్ మొదటి సంవత్సరంలో చేరాలి, అంటే ఒక ఏడాది పోతుంది. పైగా అక్కడి విద్యా సంవత్సరం జనవరిలో మొదలవుతుంది. ఐబీ పద్ధతిలో పన్నెండో ఏడుతో డిప్లొమా పూర్తవుతుంది, కానీ పదకొండులో ఉండగా ఇండియాకు తిరిగొస్తే మధ్యలో అతికించడం కష్టం. ఏ పద్ధతైనా, మూడేళ్లకే తిరిగి రావడం పాపకు అన్నిటికంటే నష్టం. నాలుగేళ్లో ఐదేళ్లో ఉండి అక్కడే పూర్తి చేయాలి, లేదంటే ఐబీలో పదో ఏడు అయ్యాక, అంటే రెండేళ్లకే, రావాలి.

దీనికి ఇంకో లెక్క తోడవుతుంది. ఆంధ్రప్రదేశ్ కాలేజీల్లో 85 శాతం సీట్లకు స్థానిక కోటా ఉంది. అందులోకి రావాలంటే మామూలుగా ఇంటర్‌తో ముగిసే నాలుగేళ్లు, అంటే తొమ్మిది నుంచి ఇంటర్ దాకా, ఆ ప్రాంతంలో చదివి ఉండాలి. సరిగ్గా ఆ నాలుగేళ్ల మొదట్లోనే మీరు బయలుదేరుతున్నారు. మిగతా 15 శాతంలో తల్లిదండ్రులు రాష్ట్రంలో ఎన్నేళ్లు ఉన్నారన్నది చూస్తారు, కాబట్టి మీ నివాస ధ్రువపత్రాలు పోగొట్టుకోవద్దు. నిబంధనలు మారుతుంటాయి, ఆ ఏటి నోటిఫికేషన్ చదివాకే నిర్ణయించుకోండి. విదేశంలో ఇంటర్ స్థాయి చదివినవాళ్లకు ఎన్‌ఐటీల్లో డాసా అనే దారి ఉంది, జేఈఈ మెయిన్ ర్యాంకు కావాలి, ఫీజు ఎక్కువ. విదేశీ బోర్డు సర్టిఫికెట్‌కు భారత విశ్వవిద్యాలయాల సంఘం నుంచి సమానత్వ పత్రం అడుగుతారు. మెడిసిన్‌కు నీట్ ఎలాగూ తప్పదు, భౌతిక, రసాయన, జీవశాస్త్రాలు మూడూ తీసుకుని ఉండాలి.

పాప ‘నాకు ఇక్కడి ప్రభుత్వ మెడికల్ సీటే కావాలి’ అని గట్టిగా అంటే నేను మరోలా ఆలోచిస్తాను. అప్పుడు కూడా హాస్టల్ కంటే అమ్మమ్మ దగ్గరో, మీరు ఇక్కడే ఉండడమో మేలు. ఆమె ఇంకా తేల్చుకోలేదని మీరే రాశారు కదా. తేలని కోరిక కోసం కుటుంబాన్ని విడదీయకండి. ఈ లెక్కలన్నీ పాపను పక్కన కూర్చోబెట్టుకుని చెప్పండి, తనకు అర్థం చేసుకునే వయసొచ్చింది.

మీ వారు ఆఫర్ లెటర్‌పై సంతకం పెట్టకముందే కంపెనీని రెండు విషయాలు రాతపూర్వకంగా అడగమనండి. పొడిగింపు సంగతి ఎప్పటిలోగా చెబుతారు? పిల్లల స్కూలు ఫీజు ఎంతవరకు భరిస్తారు? ప్రైవేటు స్కూళ్ల ఫీజులు ఇద్దరికి కలిపితే జీతంలో పెద్ద భాగం తినేస్తాయి. జవాబు వచ్చాక స్కూళ్లకు రాయండి. టీసీలు, మార్కుల మెమోలు, పుట్టిన తేదీ సర్టిఫికెట్లకు అపోస్టిల్ (విదేశాల్లో చెల్లేలా మన విదేశాంగ శాఖ వేసే ధ్రువీకరణ) చేయించడం ఈలోపే మొదలుపెట్టండి, దానికి కొంత సమయం పడుతుంది.