పై అంతస్తులో పెద్ద హాలుకి టవర్ ఫ్యాన్ ఒక్కటి సరిపోతుందా?

నమస్తే అండి. మీ హాలు 22 అడుగుల పొడవు, 14 అడుగుల వెడల్పు, పైన స్లాబే, గుంటూరు ఎండ, అద్దె ఇల్లు కాబట్టి ఏసీ బిగించే వీల్లేదు, మధ్యాహ్నమంతా అత్తగారు ఆ హాల్లోనే కూర్చుంటారు, ఒక టవర్ ఫ్యాన్ కొంటే హాలంతా చల్లబడుతుందా, కొంటే ఎలాంటిది కొనాలి అని అడిగారు. మాదీ దాదాపు అలాంటి ఇల్లే. విజయవాడలో పై అంతస్తు, హాలూ డైనింగూ కలిసే ఉంటాయి. కొన్నేళ్లుగా ఎండాకాలం టవర్ ఫ్యాన్‌తోనే గడుపుతున్నాం కాబట్టి తెలిసినంతవరకు వివరంగా రాస్తాను.

హాలు చల్లబడదండి. టవరైనా, టేబులైనా, సీలింగైనా ఏ ఫ్యానూ గది వేడిని తగ్గించదు. ఒంటి మీద చెమటని త్వరగా ఆరబెడుతుంది, దాంతో మనకి చల్లగా అనిపిస్తుంది, అంతే. మనిషి లేని గదిలో ఫ్యాన్ తిరిగితే కరెంటు దండగ, పైగా మోటారు వేడి కూడా గదిలోకే చేరుతుంది. అందుకని హాలు కొలతలు పక్కన పెట్టి, అందులో ఎవరు ఎక్కడ కూర్చుంటారు, ఎక్కడ పడుకుంటారు, అక్కడికి గాలి అందుతుందా అనేది చూసుకోండి. ఫ్యాన్ ఎంపిక మొత్తం దాని మీదే ఆధారపడి ఉంటుంది.

షాపుకెళ్లి టవర్ ఫ్యాన్ కావాలంటే మూడు వేర్వేరు వస్తువులు చూపిస్తారు. మొదటిది సన్నగా, పొడుగ్గా ఉండి అటూ ఇటూ తిరిగేది. స్ప్లిట్ ఏసీ లోపలి యూనిట్లో పొడవాటి రోలర్ లాంటి బ్లోయర్ ఉంటుంది కదా, దాన్నే నిలబెట్టినట్టు ఉంటుంది లోపల. కరెంటు సుమారు 45 నుంచి 60 వాట్లు, చప్పుడు తక్కువ. రెండోది కాస్త లావుగా ఉండే బ్లోయర్ రకం. గాలి జోరుగా దూరం కొడుతుంది, కానీ 120 నుంచి 180 వాట్ల దాకా లాగుతుంది, ఫుల్ స్పీడులో పెడితే టీవీ వినబడదు. మూడోది అసలు ఫ్యానే కాదు, నీళ్ల ట్యాంకు ఉండే టవర్ కూలర్. బయటికి మూడూ ఒకేలా కనిపిస్తాయి కాబట్టి, ఆన్‌లైన్‌లో అయితే మరీనూ, వాట్లూ ట్యాంకూ చూడకుండా ఆర్డర్ పెట్టకండి. రోజుకి పది గంటలు వేస్తే 50 వాట్లది నెలకి 15 యూనిట్లు, 160 వాట్లది 48 యూనిట్లు. కరెంటు బిల్లు ఎక్కువ రేటు స్లాబులోకి వెళ్లే ఇళ్లలో ఆ తేడా బాగా తెలుస్తుంది.

కూలర్ సంగతి రెండు ముక్కల్లో చెప్తాను. పడమటి వడగాడ్పులు వీచే పొడి రోజుల్లో మన దగ్గర కూడా కూలర్ బాగానే పని చేస్తుంది. గాలి తేమగా మారిందంటే మాత్రం, అందులోనూ కిటికీలు మూసిన హాల్లో, ఉక్కపోత ఇంకా పెరుగుతుంది. పైగా తలుపులు మూసుకుని పడుకునే అలవాటు ఉన్నవాళ్లకి అది అస్సలు వద్దు.

ఇక అసలు చూడాల్సింది డబ్బా మీద రాసే గాలి లెక్క. ఇక్కడే చాలామంది తికమక పడతారు, ఎందుకంటే ఒక్కో కంపెనీ ఒక్కో కొలతలో రాస్తుంది. సీలింగ్ ఫ్యాన్ డబ్బాల మీద సీఎంఎం అని ఉంటుంది, అంటే నిమిషానికి ఇన్ని ఘనపు మీటర్ల గాలి. టవర్ ఫ్యాన్ మీద ఎక్కువగా గంట లెక్క రాస్తారు, లేదా సీఎఫ్ఎం అని నిమిషానికి ఘనపు అడుగుల్లో రాస్తారు. అంకె పెద్దగా కనిపిస్తుంది కాబట్టి గాలి కూడా ఎక్కువే అనుకుంటాం. అన్నింటినీ సీఎంఎంలోకి మార్చుకుని చూడండి. గంట లెక్కని 60తో, సీఎఫ్ఎంని 35తో భాగిస్తే సరిపోతుంది. టవర్ మీద గంటకి 2000 అని ఉంటే నిమిషానికి 33 అన్నమాట. 1000 సీఎఫ్ఎం అంటే 28 చిల్లర. మన ఇళ్లలో ఉండే మామూలు 1200 ఎంఎం సీలింగ్ ఫ్యాన్‌కి అదే లెక్క 210 నుంచి 230 దాకా ఉంటుంది. హాలంతా గాలి ఆడాలంటే ఏది పని చేస్తుందో దీన్నిబట్టే తెలుస్తుంది కదా.

అలాగని టవర్ ఫ్యాన్ పనికిరాదని కాదండి. సీలింగ్ ఫ్యాన్ గాలి నాలుగు వైపులా చెదిరిపోతుంది, టవర్ గాలి సన్నటి పట్టీలా ఒకే వైపు వస్తుంది, అందుకే ఎదురుగా కూర్చున్నవాళ్లకి లెక్క తక్కువైనా హాయిగా ఉంటుంది. పై అంతస్తుల్లో ఇంకో లాభం ఉంది. మధ్యాహ్నం రెండు దాటాక స్లాబ్ బాగా కాలిపోయి వేడి గాలంతా పైన చేరుతుంది. సీలింగ్ ఫ్యాన్ ఆ వేడినే కిందికి తోస్తుంది. టవర్ ఫ్యాన్ నేలకి దగ్గరగా ఉన్న గాలిని వెనక నుంచి లాక్కుని వదులుతుంది. మా ఇంట్లో గోడ గడియారం దగ్గరా, నేల మీదా థర్మామీటర్ పెట్టి చూస్తే మధ్యాహ్నం రెండు మూడు డిగ్రీల తేడా కనిపిస్తుంది. ఆ వేళలో మేం సీలింగ్ ఫ్యాన్‌ని రెండు మీద పెట్టి, టవర్‌ని అమ్మ కూర్చునే దివాన్ కాట్ వైపు తిప్పుతాం.

గాలి ఎంత దూరం అందుతుందో మాత్రం డబ్బా చూసి నమ్మకండి, షాపులోనే తేల్చుకోండి. న్యూస్‌పేపర్ అంచు నుంచి వేలెడు వెడల్పు, జానెడు పొడవు ముక్క చింపుకోండి. ఫ్యాన్‌ని మధ్య స్పీడులో, తిరగకుండా ఒకే వైపు ఉండేలా పెట్టించి, కాగితాన్ని కూర్చున్న మనిషి ఛాతీ ఎత్తులో పట్టుకుని వెనక్కి నడవండి. మొదట్లో కాగితం అడ్డంగా లేచి టపటపా కొట్టుకుంటుంది, తర్వాత చివర మాత్రమే ఊగుతుంది, ఆ తర్వాత ఊరికే వేలాడుతుంది. చివర ఊగడం ఆగిన చోటే దాని హద్దు. మా సన్న టవర్‌కి అది పది పన్నెండు అడుగులు. అంటే మీ 22 అడుగుల హాల్లో ఆ చివర పెడితే ఈ చివరకి గాలి రాదు. ఇంకో మాట, ఫ్యాన్ పొట్టిదైతే గాలి మోకాళ్ల దగ్గరే ఆగిపోతుంది. మూడడుగులకి తక్కువ ఎత్తున్నవి కుర్చీలో కూర్చునేవాళ్లకి వద్దు, కింద పరుపు వేసుకుని పడుకునేవాళ్లకైతే బాగానే ఉంటాయి.

మీ అత్తగారి గురించి ఒక విషయం గట్టిగా చెప్పాలి. 40 డిగ్రీలు దాటిన వేడిలో ఫ్యాన్ గాలి ఒంటిని చల్లబరచదని, ఇంకా వేడెక్కిస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. అక్కడ లెక్క గదిలో వేడిదే, టీవీలో చెప్పే ఊరి ఉష్ణోగ్రతది కాదు. మే నెలలో పై అంతస్తు హాలు ఆ హద్దుకి చేరే రోజులుంటాయి. పెద్దవాళ్లకి చెమట కూడా తక్కువ పడుతుంది, దాహం వేసినట్టు తెలియదు. అందుకని హాల్లో ఒక చిన్న థర్మామీటర్ తగిలించండి. 40కి దగ్గరపడితే ఫ్యాన్‌ని మాత్రమే నమ్ముకుని ఆవిడని అక్కడ కూర్చోబెట్టకండి. కింది అంతస్తులో తెలిసినవాళ్ల ఇంట్లోనో, తూర్పు గదిలోనో ఆ రెండు మూడు గంటలు గడపనివ్వండి. తడి తువ్వాలు మెడ మీద వేయండి, చేతులు నీళ్లతో తుడవండి, అడక్కుండానే మజ్జిగ ఇస్తూ ఉండండి. ఆవిడ మాట తడబడినా, మగతగా ఉన్నా ఆలస్యం చేయకుండా డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లండి.

ఎక్కడ పెట్టాలి అంటే, పగలు గోడకి ఆనించకుండా ఒక అడుగు వదిలి పెట్టండి, వెనక నుంచి గాలి లాక్కోవాలి కదా. రాత్రి బయట గాలి చల్లబడ్డాక బాల్కనీ తలుపు తెరిచి, ఆ గుమ్మం దగ్గరే ఫ్యాన్‌ని లోపలికి చూసేలా పెట్టండి. అదే సమయంలో వంటింట్లో ఎగ్జాస్ట్ ఫ్యాన్ వేయండి. గదిలో చిక్కుకున్న వేడి అటు నుంచి వెళ్లిపోతుంది. ఇంటి ఓనరు ఒప్పుకుంటే మార్చిలోనే డాబా మీద తెల్ల సున్నమో, కూల్ రూఫ్ పెయింటో వేయించమనండి. తెలంగాణ ప్రభుత్వమైతే 2023లో దీనికోసం ఏకంగా కూల్ రూఫ్ పాలసీయే తెచ్చింది. సున్నం ఖర్చు మీరే పెట్టుకున్నా ఫ్యాన్ ధర కంటే ఎక్కువ ఫలితం ఉంటుంది.

కొనేముందు తప్పకుండా అడగాల్సిన ప్రశ్న ఒకటుంది. కరెంటు పోయి వచ్చాక ఫ్యాన్ దానంతట అదే తిరుగుతుందా? టచ్ బటన్లు ఉన్న చాలా మోడళ్లు తిరగవు. అర్ధరాత్రి కరెంటు పోయి వస్తే సీలింగ్ ఫ్యాన్ మొదలవుతుంది, టవర్ మాత్రం ఎవరైనా లేచి బటన్ నొక్కేదాకా అలాగే ఉంటుంది. పెద్దవాళ్లు ఒంటరిగా పడుకునే గదికైతే తిప్పే నాబ్ ఉన్నదే తీసుకోండి. షాపులో ప్లగ్ పీకి మళ్లీ పెట్టి చూపించమంటే చూపిస్తారు. అలాగే వెనక జాలీ స్క్రూలు విప్పితే ఊడివచ్చేలా ఉండాలి. లోపలి సన్న రెక్కలకి దుమ్ము పట్టిందంటే నెలకే గాలి సగం అయినట్టు అనిపిస్తుంది, జాలీ రాకపోతే బ్రష్ లోపలికి వెళ్లదు. అయానైజర్లు, యాప్‌లు, రంగుల లైట్లకి డబ్బు పెట్టకండి.

మీ హాలుకి నా సలహా: సీలింగ్ ఫ్యాన్ పాతదైతే ముందు దాన్ని మార్చి బీఎల్‌డీసీ (తక్కువ కరెంటుతో తిరిగే మోటారు) ఫ్యాన్ వేసుకోండి. 75 వాట్ల బదులు ముప్పై, ముప్పై అయిదుతో అదే గాలి ఇస్తుంది, ఇల్లు మారినా విప్పి తీసుకెళ్లొచ్చు. హాలు పొడవుగా ఉంది కాబట్టి రెండో కొక్కెం ఉంటే అక్కడ కూడా ఒకటి. ఆ తర్వాత అత్తగారి కుర్చీ కోసం మూడడుగులు పైబడిన సన్న టవర్. బడ్జెట్ ఒక్కదానికే సరిపోతే, చప్పుడు ఫరవాలేదనుకుంటే, 400 ఎంఎం పెడెస్టల్ ఫ్యాన్ టవర్ కంటే దూరం కొడుతుంది, ధర కూడా తక్కువే. పిల్లలు పాకే ఇల్లైతే మాత్రం టవరే మేలు, కాకపోతే అడుగు భాగం బరువుగా, వెడల్పుగా ఉందో లేదో తోసి చూడండి.

అత్తగారి కుర్చీ ఏ గోడ వైపు ఉంటుందో, దగ్గర్లో ప్లగ్ ఎక్కడుందో రాయండి. టవర్ ఫ్యాన్ల వైరు పొట్టిగా ఉంటుంది, నడిచే దారిలో ఎక్స్‌టెన్షన్ బాక్స్ పడేయకుండా ఎలా సర్దుకోవాలో చూద్దాం.